ఉప్పిసుకలో గుచ్చిన క్రోటన్ కొమ్మలు

మొన్న ఆదివారం చర్చి నుంచి వచ్చి, చొక్కా కూడా విప్పకుండా పడక్కుర్చీలో కూలబడి ఉన్నాను. మా మేడ మీద అద్దెకుండే అమ్మాయి, ఏదో బ్యాంకులో ఉద్యోగం చేసుకుంటున్న పిల్ల, రెండు చేతులతో ఒక గాజు సీసా పట్టుకుని, నీళ్లు ఒలికిపోతాయేమోనని ఒక్కొక్క మెట్టే చూసుకుంటూ దిగి వచ్చింది. ఆ సీసాలో ఒక మనీ ప్లాంట్ రెమ్మ, దాని కణుపు దగ్గర తెల్లగా దారప్పోగుల్లా రెండు వేళ్లు. పుట్టి బుద్ధెరిగాక తన చేతుల మీద బతికిన మొదటి మొక్క అదేనట, అందుకని మాకు చూపించడానికి తెచ్చింది. ఫోనులో చూసి నేర్చుకున్నానని, మూడు రోజులకోసారి నీళ్లు మార్చానని ఆ పిల్ల చెప్పుకుపోతుంటే, మా ఆవిడ కళ్లజోడు పెట్టుకుని, సీసాని వెలుతురుకి ఎత్తి పట్టుకుని, ఆ రెండు పోగులనీ చాలాసేపు చూసింది. చూసి, నా వంక తిరిగి, ఈ పిల్లకి మన ఇసక సంగతి చెప్పనా అని అడిగింది.

నేను వద్దన్నాను. వద్దంటే ఆగే మనిషా! మా ఇంటికి వచ్చిన చుట్టాలకీ, మా పిల్లలు పెళ్లి చేసుకుని తెచ్చిన కొత్త కోడలికీ, కొత్త అల్లుడికీ, ఆఖరికి మా ఇంటి గ్యాసు బండ తెచ్చే మనిషికి కూడా ఆ కథ చెప్పి నా పరువు నిలువునా తీసింది. ఆ అమ్మాయీ కడుపుబ్బా నవ్వింది. నాకు కోపం రాలేదు, ఎందుకంటే మా ఆవిడ ఎప్పుడూ ఆ కథలో సగమే చెబుతుంది, నవ్వొచ్చే సగం. రెండో సగం మా ఇద్దరి మధ్యే ఉండిపోయింది. ఇప్పుడు నాకు డెబ్భై దాటాయి, ఇంక దాచుకుని చేసేదేముంది గనక, మన ఈడు వాళ్లకి చెబితే అర్థమవుతుందని మొత్తం రాస్తున్నాను.

అప్పట్లో నేను చిలకలూరిపేటలో, పత్తిలోంచి గింజ తీసే ఒక జిన్నింగ్ మిల్లులో కాటా గుమాస్తాని. పత్తి బోరేలతో లారీలు, ఎడ్ల బళ్లు పెద్ద రోడ్డు దాకా బారులు తీరి ఉండేవి, పొద్దున ఎక్కిన బల్ల సాయంత్రం దాకా దిగే పని లేదు, ఇంటికి వెళ్లేసరికి తలా మీసమూ దూది నుసితో తెల్లబడి ఇరవై ఆరేళ్లకే ముసలాణ్ణయిపోయేవాణ్ణి. మిల్లు వెనకాల వరస ఇళ్లలో ఒక వాటా మాది. పెళ్లయి ఏడాది తిరిగింది. మా ఆవిడది కొత్తపట్నం పక్కన సముద్రం ఒడ్డు పల్లె, మా మామగారు ఉప్పు మడుల్లో పని చేసేవారు. ఇసుకలో పుట్టి ఇసుకలో పెరిగిన మనిషికి మా నల్లరేగడి అంటే మొదట్లో ఎంత అసహ్యమో చెప్పలేను. వాన పడితే ఒక్కో చెప్పుకి అరవీశెడు మట్టి అంటుకుంటుందనీ, ఎండాకాలం వస్తే కాలు దూరేంత బీటలు తీస్తుందనీ, ఇది నేల కాదు మనుషుల మీద పగ పట్టిన బంకనీ, రోజుకొక పేరు పెట్టేది. నేను మాత్రం ఆ బంకలోనే పత్తీ మిరపా పండి మనకి ఇంత ముద్ద పెడుతోందని మా నేల తరఫున వాదించేవాణ్ణి.

మొక్కల పిచ్చి మాత్రం ఆవిడ వచ్చేటప్పుడే వెంట తెచ్చుకుంది. మన కాలంలో మొక్కలు కొనడమనేది ఎక్కడుంది చెప్పండి! ఒకరింట్లో ఉన్న మొక్క పదిళ్లకి కొమ్మల మీద ప్రయాణం చేసేది. మా చర్చి ఆవరణలో గోడ పొడుగునా క్రోటన్లు ఉండేవి, ఎర్రవీ పసుపువీ మచ్చలవీ, ఆదివారం ఆరాధన అయిపోగానే ఆడవాళ్లు ఆ గోడ పక్కగా నడిచి వెళ్లడమే ఒక తంతు. అడిగి తెచ్చిన కొమ్మ బతకదు, అడక్కుండా విరుచుకొచ్చిందే బతుకుతుందని వాళ్ల నమ్మకం, మరి పాస్టరు అయ్యగారి భార్యకి తెలియదా అంటే ఆవిడకీ తెలుసు. అందుకే ఆవిడ, మేమంతా అమ్మగారూ అని పిలిచే పెద్దమనిషి, సరిగ్గా ఆ సమయానికి గోడ వైపు వీపు పెట్టి ఎవరితోనో మాటల్లో పడిపోయేది. బైబిలు సంచిలో తడి రుమాలు చుట్టిన కొమ్మ పెట్టుకుని ఇంటికి నడిచే ఆ దొంగల్లో మా ఆవిడ కూడా ఉండేది. మా వాకిట్లో నూనె డబ్బాల్లో అలా వచ్చినవి నాలుగైదు ఉండేవి, రోజూ సాయంత్రం వాటి ఆకుల మీద పడిన దూది నుసిని తడిగుడ్డతో తుడిచేది.

కానీ ఆవిడ మనసంతా పుట్టింటి వాకిట్లో ఉన్న ఒక క్రోటన్ మీదే. అది వాళ్ల అమ్మ పెంచింది. పగిలిన కాగులో పెట్టి, దొరువు నుంచి కడవతో మంచినీళ్లు మోసి పోసి పెంచిందట. దొరువంటే ఆ ఇసుక నేలల్లో తవ్వుకునే నీటి గుంట. ముదురాకు నల్లగా ఉండి, మధ్యలో ఈనె మటుకు నిప్పురంగులో మెరిసే రకం, మా చర్చిలో లేని రకం. మా పెళ్లికి ఆరు నెలల ముందు మా అత్తగారు జ్వరంతో పోయింది, నేను ఆవిణ్ణి చూడనైనా లేదు. తల్లి పోయాక ఆ కాగు చుట్టూనే తండ్రీ కూతురూ తిరిగారని తర్వాత తెలిసింది.

ఆ ఏడు శ్రమ దినాల్లో, అంటే ఈస్టరుకి ముందు వచ్చే ఉపవాసాల రోజుల్లో, మా ఆవిడకి ఏడో నెల. మొదటి కాన్పుకి పుట్టింటికి పంపాలంటే అక్కడ తల్లి లేదు, సరే ఇక్కడే చూసుకుందామనుకున్నాం. ఒకరోజు పొద్దున కడుపులో కదలిక లేదంది. ఆస్పత్రికి తీసుకెళ్లాను. సాయంత్రానికి బిడ్డ పుట్టింది, ఆడపిల్ల, ఏడవలేదు.

మర్నాడు అయ్యగారూ, నేనూ, మిల్లులో నాతో పని చేసే ఇద్దరూ కలిసి, మేము సమాధుల తోట అని పిలుచుకునే చోటికి ఒక తువ్వాల్లో చుట్టి తీసుకెళ్లాం. ఊరి చివర, మిరపకాయలు ఆరబోసిన కళ్లాల అవతల, వెనక గోడ మూల చిన్నపిల్లల కోసం కొంచెం జాగా ఉంది. అయ్యగారు ప్రార్థన చేశారు. మట్టి పోసేటప్పుడు నేను చూడలేకపోయాను. గోడ వైపు తిరిగి నిలబడ్డాను. కళ్లాల మీద నుంచి వచ్చిన ఘాటుకి కళ్లు మండుతున్నాయని నాకు నేనే చెప్పుకుంటూ, అంతా అయిపోయిందని ఎవరో భుజం మీద చెయ్యి వేసేదాకా అటే నిలబడి, తల తిప్పకుండా బయటికి నడిచి వచ్చేశాను. ఏటా వచ్చే సమాధుల పండుగకి తప్ప ఆడవాళ్లు అక్కడికి వచ్చే అలవాటు అప్పట్లో లేదు, అందులోనూ పచ్చి ఒంటితో ఉన్న మనిషిని ఎవరు రానిస్తారు?

ఇంటికి రాగానే ఆవిడ అడిగిన మొదటి మాట, ఎక్కడ పెట్టారని. నేను తడుముకోకుండా చెప్పాను, వెనక గోడ దగ్గర, వేపచెట్టుకి ఎదురుగా, గోడ నుంచి మూడోదని. నేను చూడలేదని చెబితే ఆ మనిషి ఏమైపోతుందోనని భయమేసింది. అక్కడ చిన్న చిన్న దిబ్బలు ఏడో ఎనిమిదో ఉన్నట్టు గుర్తు, అందులో మాది ఏదో నాకు నిజంగా తెలియదు. పోనీ ఆ మిల్లు వాళ్లని అడగొచ్చుగా అంటారు మీరు. సిగ్గు. కన్నబిడ్డకి మట్టి పోస్తుంటే వీపు తిప్పుకుని నిలబడ్డానని ఏ నోటితో అడుగుతాను!

తర్వాత నెల రోజులూ ఆవిడ మంచం దిగలేదు. ఏడిస్తే బాగుండునని అందరూ అన్నారు, ఒక్క చుక్క కన్నీరు పెట్టలేదు. పెడితే తినేది, లేకపోతే లేదు, గోడ వంక చూస్తూ పడుకునేది. వాకిట్లో డబ్బాల్లోని మొక్కల మీద దూది నుసి మంచులా పేరుకుపోయింది. పక్క వాటాలో ఒక మామ్మ ఉండేది, మిరపకాయలకి తొడిమలు తీసే కూలికి వెళ్లే మనిషి, నోరు పెద్దది, మనసు అంతకంటే పెద్దది. ఆవిడే వచ్చి తల దువ్వి, గంజి తాగించి వెళ్లేది. ఒకరోజు ఆ మామ్మ ఏదో మాటల్లో, మన రేగట్లో పసిబిడ్డల దిబ్బలు ఒక్క వానాకాలం కూడా నిలవవమ్మా, ఎండకి బీటలిచ్చి వానకి కరిగి నేలలో కలిసిపోతాయి, ఇంక మనసులోనే ఉంచుకోవాలి అంది. ఓదార్పుగానే అంది పాపం. పేరు పెట్టని బిడ్డకి రాయి వేసే అలవాటు కూడా మా దగ్గర అప్పట్లో లేదు.

ఆ సాయంత్రం నేను మిల్లు నుంచి వచ్చేసరికి మా ఆవిడ మంచం మీద లేచి కూర్చుని ఉంది.

"వానలు పడితే ఆ చోటు కనపడదంటగా. మా అమ్మ మొక్క కొమ్మ తెచ్చి అక్కడ పెడదామండీ. పిల్ల అమ్మమ్మ దగ్గరున్నట్టు ఉంటుంది."

నెల తర్వాత విన్న మొదటి పెద్ద మాట అది. మర్నాడు తెల్లవారుతూనే సెలవు చెప్పకుండా బస్సెక్కాను. ఒంగోలులో మారి కొత్తపట్నం చేరేసరికి పదయింది. మా మామగారు మడుల్లోకి వెళ్లిపోయారు, ఇంట్లో ఎవరూ లేరు. నేనా, ఒకటి పోయినా ఇంకొకటి ఉంటుందిగదా అన్న ఆశతో ఆ మొక్కకి ఉన్న మంచి కొమ్మలన్నీ కోశాను. ఎనిమిది. కాగులో ఒక మోడు, కింద వంకరగా ఉందని నేను వదిలేసిన ఒక్క కొమ్మ మిగిలాయి. మా రేగడిలో కొమ్మ గుచ్చితే నీరు నిలిచి కుళ్లుతుందని, ఇసుకలో అయితే వేరు పోస్తుందని మా ఆవిడ ఎప్పుడూ చెబుతుండేది గనక, ఆవిడ పుట్టిన ఊరి ఇసుకలోనే పెట్టి బతికిస్తే ఎంత సంతోషిస్తుందో అనిపించింది నాకు. వాకిట్లో ఉన్న ఇసుక మట్టికొట్టుకుని, ఆకులూ అలములూ కలిసి ఉంది. అది నా కంటికి ఆనలేదు. గోనెసంచి భుజాన వేసుకుని సముద్రం దాకా నడిచి, అలలు తడిపి వెళ్లిన చోట తెల్లగా, సన్నగా, పంచదారలా మెరుస్తున్న ఇసుక నిండా ఎత్తుకున్నాను. నాకు తెలిసిన ఒకే ఒక నేల నల్లరేగడి, తెల్లగా ఉన్నదల్లా మంచిదే అనుకున్నాను. మామగారి కోసం ఆగలేదు. ఉప్పు మడుల్లో పని చేసే మనిషికి మొక్కల సంగతి ఏం తెలుస్తుందిలే అనే పొగరు కూడా కొంచెం ఉందని ఒప్పుకుంటాను.

ఆ తడి ఇసుక బస్తాతో నేను పడ్డ పాట్లు వేరే రాయాలి. రెండు బస్సుల కండక్టర్లూ నన్ను నోటికొచ్చినట్టు తిట్టారు, దారి పొడుగునా బస్తా నుంచి నీళ్లు కారి ఒక పెద్దమనిషి పంచె తడిసింది. ఇంటికి చేరి బస్తా దించి, రుమాలు విప్పి కొమ్మలు చూపించగానే మా ఆవిడ మంచం దిగింది. తనే కణుపు కింద ఏటవాలుగా కోసింది, కింది ఆకులు తీసేసింది, పై ఆకులు సగానికి కత్తిరించింది, కారిన పాలు ఆరేదాకా నీడన ఉంచి, ఒక్కొక్కటే ఆ ఇసుకలో గుచ్చింది. వేళకి స్నానం, వేళకి అన్నం మొదలయ్యాయి. నేను మిల్లులో కాటా మీద కూర్చుని నా తెలివికి నేనే మురిసిపోతూ ఉండేవాణ్ణి.

వారం తిరిగేసరికి ఆకులు వాలాయి. క్రోటన్ కొమ్మ ఆకులు రాల్చడం మామూలేగా, వేరు పోస్తోంది కాబోలు అన్నాను. రెండో వారానికి అన్నీ రాలిపోయాయి. మూడో వారం ఒక కొమ్మని పైకి లాగితే, అడుగు నల్లగా మెత్తబడి చేతికొచ్చింది. రెండోదీ అంతే. మా ఆవిడ ఎనిమిదీ లాగి వరసగా నేల మీద పేర్చింది. అప్పుడే కూలి నుంచి వస్తున్న మామ్మ అది చూసి ఆగి, డబ్బాలో చెయ్యి పెట్టి, చిటికెడు ఇసుక నాలుక మీద వేసుకుని థూ అని ఊసింది.

"ఎవరు తెచ్చారయ్యా ఇది? కూరలో వేసుకోవచ్చు."

మా ఆవిడ నా వంక చూసింది. సముద్రం ఒడ్డునే పుట్టిన మనిషి, చూడగానే పోల్చుకోవలసింది, కానీ ఆ స్థితిలో ఆవిడ అది ఎక్కడి ఇసుకని అడగనూ లేదు, వాకిట్లోది కాక ఇంకెక్కడిదో ఎవరైనా తెస్తారని అనుకోనూ లేదు. తనూ ఒక పలుకు నోట్లో వేసుకుంది. నవ్వడం మొదలుపెట్టింది. మామ్మా నవ్వింది. మా ఊరి నుంచి సంచిడు ఉప్పు మోసుకొచ్చారా అని మా ఆవిడ, ఉప్పు మడుల ఇంటికి అల్లుడయినందుకు మా నాన్న పని మీరు ఇక్కడ పెట్టారా అని, పొట్ట పట్టుకుని నవ్వుతూ నవ్వుతూనే ఏడుపులోకి దిగింది. నెలలుగా రాని ఏడుపు అది. మామ్మ ఒళ్లో తల పెట్టుకుని చీకటి పడేదాకా ఏడ్చింది. నేను ఆ నల్లబడ్డ కొమ్మల పక్కన దొంగలా నిలబడ్డాను. మా ఆవిడ అందరికీ చెప్పే కథ ఆ నవ్వు దగ్గర ఆగిపోతుంది.

మర్నాడు పొద్దున తనే చీర మార్చుకుని, జడ వేసుకుని తయారైంది. ఈసారి నేనొస్తానంది. ఇంట్లోంచి కాలు బయట పెట్టడం అదే మొదలు. కొత్తపట్నం వెళ్లాం. మామగారు ఇంట్లోనే ఉన్నారు. మోడుగా మిగిలిన ఆ మొక్కని రోజూ చూస్తూ కూడా ఆ మనిషి నన్ను పల్లెత్తు మాట అనలేదు. మోడుకి చిన్న చిన్న చిగుళ్లు వేశాయి కానీ అవి గుచ్చడానికి పనికిరాని లేతవి. పనికొచ్చేది నేను వంకరగా ఉందని వదిలేసిన ఆ ఒక్క కొమ్మే. మా ఆవిడ దాన్ని కోసి, రెండు ముక్కలు చేసి తడిగుడ్డలో చుడుతుంటే, మామగారు వాకిట్లో ఇసుక చేత్తో పైపైన తోసి, కిందిది సంచిలోకి ఎత్తుతూ నాతో అన్నారు.

"ఇది ఎన్నో ఏళ్లుగా వాన కడిగిన ఇసకండీ అల్లుడుగారూ. నన్నడిగితే చెప్పేవాణ్ణిగా."

అంతే అన్నారు. నాకు తల కొట్టేసినట్టయింది. ఉప్పు ఏ నేలలో ఎంత ఉందో పాదంతో చెప్పగల మనిషిని, ఆయనకి ఏం తెలుసని అనుకున్నాను నేను. ఆ తర్వాత ఆయన బతికున్నన్నాళ్లూ ఏ పని చేసినా ఆయన్ని ఒక మాట అడిగే చేశాను.

ఈసారి ఆ రెండు కొమ్మల్నీ ఒకే డబ్బాలో పెట్టి, వంటింటి మూల మంచినీళ్ల కుండ కింద నీడన ఉంచింది. కుండ నుంచి చెమ్మ ఒక్కొక్క చుక్కే పడేది, అదే వాటికి నీరు. అప్పటికి ఎండలు ముదిరాయి. రోజులు గడిచేకొద్దీ నాకు ఆగేది కాదు, ఒకరోజు పొద్దున్నే వేరు వచ్చిందో లేదో చూద్దామని ఒక కొమ్మని లాగబోయాను. మా ఆవిడ వెనక నుంచి వచ్చి మణికట్టు పట్టుకుంది. వేరు పోసుకునేదాన్ని కదిపితే చస్తుందండీ, మీ పని మీరు చూసుకోండి అని కాటా దాకా సాగనంపింది. ఆ రోజు నుంచి కుండ వైపు వెళ్లాలంటే నాకు అనుమతి కావాల్సి వచ్చింది.

జూను వచ్చింది. పత్తి విత్తనాలు తెచ్చుకుని రైతులంతా ఆకాశం వంక చూస్తున్నారు, ఊరు ఊరంతా వాన వాన అని కలవరిస్తోంది. చర్చిలో అయ్యగారు వర్షం కోసం ప్రత్యేకంగా ప్రార్థన పెట్టారు. అందరూ గట్టిగా ఆమేన్ అన్నారు. నా పక్క వరసలో మా ఆవిడ పెదవులు బిగించుకుని కూర్చుంది, నేను కూడా అనలేదు. పంటల మీద బతికే ఊళ్లో, పత్తి మిల్లు జీతం తింటూ, వాన ఇంకో పది రోజులు ఆలస్యంగా రావాలని కోరుకున్న పాపాత్ములం మేమిద్దరమే అయి ఉంటాం. దేవుడు ఎవరి మాట విన్నాడో తెలియదు గాని ఆ ఏడు వానలు వెనకబడ్డాయి.

ఒక కొమ్మ ఎండిపోయింది. రెండోదాని కణుపు దగ్గర, ఒక గురువారం పొద్దున, గోరంత ఎర్రటి మొన కనిపించింది. నాలుగు రోజుల్లో అది విచ్చుకుని ఆకయింది, రెండో ఆకు తోసుకొచ్చింది. మా ఆవిడ డబ్బా ముందు మోకాళ్ల మీద కూర్చుని, బతికిందండీ అంది. అంత చిన్న మాట అంత నెమ్మదిగా అనడం నేను మళ్లీ వినలేదు. ఆకులు రాగానే కదపకూడదని ఇంకో రెండు వారాలు ఆగింది. మబ్బులు కమ్ముకుంటున్నాయి. ఒక శనివారం పొద్దున ఇంక ఆగలేమని ఇద్దరం బయల్దేరాం, నేను డబ్బా పట్టుకుని, ఆవిడ గునపమూ, మిగిలిన ఇసుక సంచీ పట్టుకుని. ఆడవాళ్లు వెళ్లరని ఎవరో అనబోతే మామ్మ వాళ్ల నోరు మూయించింది.

వెళ్లేసరికి నేను భయపడినంతా అయింది. వేసవి బీటలు ఆ మూలంతా వల పరిచినట్టు చీల్చేశాయి. ఏడెనిమిది దిబ్బల్లో నాలుగైదింటి ఆనవాళ్లు కూడా దొరకడం లేదు, ఉన్నవి కూడా అరచెయ్యి ఎత్తు లేవు. గోడ నుంచి మూడోదని నేను చెప్పిన చోట దిబ్బే లేదు. మా ఆవిడ నా ముఖం వంక చూసింది.

"ఎక్కడండీ?"

నేను ఒక చోట వేలు చూపించాను. ఎందుకు అక్కడే చూపించానో తెలియదు, వేపచెట్టు నీడ కొంచెం పడుతోంది, పిల్లకి చల్లగా ఉంటుందనిపించింది. ఇక్కడేనా అని ఆవిడ మళ్లీ అడగలేదు. నా వేలి వంక చూసి, నేల వంక చూసి, కూర్చుని తవ్వడం మొదలుపెట్టింది. ఆ గట్టి రేగడిని నేను తవ్వుతానన్నా ఇవ్వలేదు. గుంటలో పుట్టింటి ఇసుక పోసి, మొక్కని నిలబెట్టి, చుట్టూ మట్టి సర్ది, చెంబుతో నీళ్లు పోసింది. ఆ నేల మీద అరచెయ్యి ఆనించి కాసేపు ఉండిపోయింది. మూడో రోజు కుండపోతగా వాన పడింది.

ఆ మొక్క బతికింది. రేగడిలో క్రోటన్ అంత గుబురుగా రావడం నేనెక్కడా చూడలేదు. ఆ తర్వాత మాకు ఇద్దరు పిల్లలు పుట్టారు, పెరిగారు, ఒకడు మాచర్లలో, ఒకతె విజయవాడలో వాళ్ల సంసారాలు వాళ్లు చేసుకుంటున్నారు. ఏటా సమాధుల పండుగ రోజున సున్నం వేయడానికి, కొవ్వొత్తులు పెట్టడానికి అందరం వెళ్లినప్పుడు, మా ఆవిడ ముందు ఆ మూలకి వెళ్లి పాత ఆకులు గిల్లేది. నాలుగో ఏడో అయిదో ఏడో, మిరప కూలికి వెళ్లే ఒక చిన్న వయసు అమ్మాయి అలాగే బిడ్డని పోగొట్టుకుని, ఆ మూల నిలబడి ఎటు చూడాలో తెలియక చూస్తోంది. మా ఆవిడ ఆ క్రోటన్ కొమ్మ ఒకటి విరిచి, ఇసుకలో ఎలా పెట్టాలో, నీడన ఎన్నాళ్లుంచాలో, కదపకుండా ఎలా ఓర్చుకోవాలో అన్నీ చెప్పి ఆ పిల్ల చేతిలో పెట్టింది. తర్వాత ఇంకొకరికి. ఆ తర్వాత వాళ్లే ఒకరికొకరు ఇచ్చుకున్నారు. సముద్రం ఇసక మటుకు తేకండే అని నా ముందే అందరికీ హెచ్చరిక చేసేది.

నా అబద్ధం మాత్రం నా లోపలే ఉండిపోయింది. ఈమధ్య నాకు గుండెకి స్టెంటు వేశారు, ఆస్పత్రిలో ఉన్నప్పుడు ఇంక దీన్ని మోసుకుపోకూడదని అనిపించి, ఆ రోజు మట్టి పోస్తుంటే నేను చూడలేదని, చోటు నాకు తెలియదని, ఊరికే వేలు చూపించానని చెప్పేశాను. చెప్పి కళ్లు మూసుకున్నాను, ఏమంటుందోనని. ఆవిడ నా దుప్పటి సర్దుతూ ఉంది, చెయ్యి కూడా ఆపలేదు.

"ఆ రోజే తెలుసండీ. మూడోదని చెప్పి నీడ పడే చోట చూపించారుగా. ఎవరి బిడ్డయితే ఏం, మా అమ్మ మొక్క ఒక పసిదాని మీద నీడేసింది కదా అనుకున్నాను."

నలభై అయిదేళ్లు! తెలిసి కూడా ఏటా అక్కడికి వచ్చి, ఏటా ఆకులు గిల్లి, నన్ను ఒక్కసారి కూడా దెప్పలేదు. ఇసుక సంగతి లోకమంతా చాటిన మనిషి ఈ సంగతి మటుకు నాకు కూడా చెప్పకుండా కడుపులో పెట్టుకుంది. నా ముసలి ప్రాణానికి ఆ మాట ఏ మందూ చేయనంత మేలు చేసింది.

ఇప్పుడు కాలం చాలా మారింది, చాలా వరకు మంచికే మారింది. మా ఆవిడకి జరిగినట్టు జరిగితే ఈ రోజుల్లో ముందే కనిపెడతారు, ఏడో నెల పిల్లల్ని గాజు పెట్టెల్లో పెట్టి బతికిస్తున్నారు, మా అమ్మాయి కొడుకే అలా బతికి ఇప్పుడు కాలేజీకి వెళుతున్నాడు. సమాధుల తోటకి చుట్టూ కొత్త గోడ వచ్చింది, ప్రతి సమాధికీ గ్రానైటు రాయి, రాయి మీద పేరు, ఫోటో, ఏ మనిషీ తన వాళ్ల చోటు ఏదని వెతుక్కోవలసిన పని లేదు. ఆడవాళ్లు వెళ్లకూడదన్న మాట ఎవరూ అనడం లేదు. కొమ్మ కోసం పక్కింటి గోడ వైపు చూసేవాళ్లు కూడా తగ్గిపోయారు, పెద్ద రోడ్డు మీద నర్సరీలున్నాయి, కుండీతో సహా ఇంటికే తెచ్చిస్తారు. అమ్మగారు పోయింది, మామ్మ పోయింది, మామగారు పోయారు, ఆ పల్లెలో కాగు ఉన్న ఇల్లు తుపానుకి పడిపోయింది. కానీ ఆ వెనక మూల మాత్రం రాళ్లు రాలేదు, ఇప్పుడక్కడ పాతికకి పైగా క్రోటన్లు, అన్నీ నల్లటి ఆకులు, నిప్పురంగు ఈనెలు, అన్నీ ఒకే తల్లివి. కొమ్మ నుంచి కొమ్మ కోసి పెట్టినవే గనక ఏది ముందుదో, ఏది తర్వాతదో ఎవరూ చెప్పలేరు. నెలకోసారి మేమిద్దరం చెరో బిందె పట్టుకుని వెళతాం. మాది ఏదో తెలియదు గనక అన్నిటికీ నీళ్లు పోసి వస్తాం.